ఎవాల్డ్ తల ఊపిన మూడు సెకన్లు

వెస్ట్ బెర్లిన్,
13 మార్చి 1988.

అల్మూత్‌కి,

పుట్టినరోజు కార్డు కాకుండా నా దగ్గర్నుంచి ఉత్తరమే వచ్చేసరికి ఎవరో పోయారనుకుని ఉంటావు. ఎవరూ పోలేదు. నేనూ బాగానే ఉన్నాను, ఒక్క మెడ తప్ప. ముప్ఫై ఎనిమిదేళ్లు ఫిల్మ్ కత్తిరించే టేబుల్ మీదికి వంగి వంగి అది అలాగే బిగుసుకుపోయింది. ఎవరైనా పక్కనుంచి పిలిస్తే మనిషి మొత్తం తిరగాల్సి వస్తోంది. డాక్టరు పని తగ్గించమంటాడు. నేను తగ్గించక్కర్లేదు, అదే తగ్గిపోతోంది. ఇప్పుడంతా వీడియో. కత్తెర, జిగురు, తెల్ల చేతి తొడుగులు ఏవీ అక్కర్లేదట. నా తర్వాత వచ్చినవాళ్లు మీటలు నొక్కుతూ పని చేస్తున్నారు, వాళ్ల మెడలు బాగానే ఉన్నాయి.

ఒక కబురు చెప్పాలని రాస్తున్నాను. అక్టోబరులో రైన్ ఒడ్డున జరిగే చిత్రోత్సవంలో నన్ను సన్మానిస్తారట. ఎడిటర్‌ను సన్మానించడం వాళ్లకిదే మొదటిసారి. వార్తాచిత్రాల ఆఫీసులో నెగటివ్ తుడిచే పిల్లగా చేరిన రోజు నుంచి లెక్క వేసుకున్నాను. విద్యార్థుల ఊరేగింపులు, మిల్లు ఆడవాళ్ల సమ్మె, అణు కేంద్రం వద్దన్న రైతులు, ఖాళీ ఇళ్లలో దూరిన కుర్రకారు, అన్నీ కలిపి నలభై రెండు సినిమాలు. దేశంలో ఎవరు పిడికిలి ఎత్తినా అది చివరికి నా బల్ల మీదికే వచ్చేది. నేను మాత్రం ఒక్క ఊరేగింపులోనూ నడవలేదు, తీరికేదీ? పోస్టర్ మీద పేరు ఎప్పుడూ మా దర్శకుడు ఫోల్కమార్‌దే. పేపర్లవాళ్లు "ఫోల్కమార్ చూపు" అని రాస్తారు. ఆ చూపుకి కళ్లజోడు నంబరు నాది.

ఏ సినిమా వేస్తారో ఇంకా తేలలేదు. అక్కణ్ణుంచి మీ ఊరికి రైల్లో గంట కూడా పట్టదు కాబట్టి నువ్వు వస్తే బాగుంటుంది. మీ ఆయన ఎవాల్డ్‌కి దగ్గు ఎలా ఉంది?

మీ అక్క,
గెర్లిందె

*

హెర్నె,
4 ఏప్రిల్.

అక్కా,

నీ ఉత్తరం వచ్చిన వారానికే నా కొట్టు ముందు వేలాడదీసే పేపర్లో నీ ఫొటో పడింది. జుట్టు కత్తిరించుకున్నావు, బాగుంది. ఏ సినిమా వేస్తారో తేలలేదని రాశావు. పేపరు వాళ్లకి తేలిపోయిందక్కా. మా ఊరి హెడ్విగ్ బొగ్గుగని మీద తీసిన సినిమా వేస్తారట. "ఇప్పటికీ సినిమా బడుల్లో పాఠంగా చెప్పే ఆ ప్రసిద్ధమైన తల ఊపు" అని కూడా రాశారు. బీరు సీసాలు సర్దుతూ చదివాను, ఒకటి చెయ్యి జారింది.

నువ్వు మర్చిపోయినట్టున్నావు కాబట్టి నేను గుర్తు చేస్తాను. అరవై ఎనిమిది డిసెంబరులో మీ సినిమావాళ్లు నలుగురు వచ్చి మా ఇంట్లోనే దిగారు. వాళ్ల దీపాలు, పెట్టెలు మోసింది ఎవాల్డే. గని హాల్లో సమావేశం జరిగింది. కార్మిక సంఘం అధ్యక్షుడు వేదిక మీద నిలబడి "పోరాడితే ఓడిపోతాం, ఇస్తున్నది పుచ్చుకుని మర్యాదగా బయటికి నడుద్దాం" అన్నాడు. చీటీల మీద వోటు వేశారు. ముప్ఫై ఒక్క వోట్ల తేడాతో గని మూసెయ్యడానికి ఒప్పుకున్నట్టయింది. ఎవరు దేనికి వేశారో ఎవరికీ తెలియదు. ఈస్టర్‌కి టీవీలో మీ సినిమా వచ్చింది. అధ్యక్షుడు ఆ మాట అనగానే తెర నిండా ఎవాల్డ్ ముఖం. మెల్లగా, అవునన్నట్టు తల ఊపాడు. మా వీధిలో ప్రతి ఇంట్లోనూ చూశారు.

మర్నాటి నుంచి మమ్మల్ని వెలివేశారు. బ్రూనో షెపానెక్ నీకు గుర్తుండాలి. చిన్నప్పటి నుంచి ఎవాల్డ్‌తో కలిసి పావురాలు పెంచినవాడు. వాడు తన పావురాల్ని బుట్టలో వేసుకుని వెళ్లిపోయాడు. ఆ తర్వాత ఇద్దరికీ వేరే గనిలో పని దొరికింది. పదకొండేళ్లు ఒకే లిఫ్టులో దిగారు, ఒక్క మాట లేదు. జనం నా కొట్టు దాటుకుని రెండు వీధులవతల సిగరెట్లు కొనుక్కునేవాళ్లు.

ఇప్పుడు ఎవాల్డ్‌కి దగ్గు కాదక్కా. ఊపిరితిత్తుల నిండా గని దుమ్ము. ముక్కులో గొట్టం పెట్టుకుని కిటికీ దగ్గర కూర్చుంటాడు. ఆయన కోరేది ఒక్కటే. పోయినప్పుడు గని సంఘం వాళ్లు నల్ల దుస్తులు, ఈకల టోపీలు వేసుకుని తన పెట్టె మోయాలి. వాళ్ల నాన్ననీ, తాతనీ అలాగే మోశారు. ఆ సంఘానికి ఇప్పుడు పెద్ద బ్రూనోయే. సిగ్గు విడిచి వెళ్లి అడిగాను.

"చూడమ్మా అల్మూత్, నీ మీద నాకేం కోపం లేదు. కానీ గని మూసెయ్యమని తలూపినోణ్ణి గనోళ్లు మొయ్యరు. అద్దె మనుషులు దొరుకుతారు, పిలిపించుకో" అన్నాడు.

సినిమా వచ్చిన ఏడే ఎవాల్డ్ నాతో, "నేను ఆ మాటకి తలూపలేదే" అన్నాడు. నీకు ఫోన్ చేశాను. "సినిమా అబద్ధం చెప్పదు అల్మూత్" అన్నావు. ఇప్పుడు మళ్లీ అడుగుతున్నాను. ఆయన ఆ మాటకి తల ఊపాడా, లేదా?

అల్మూత్

*

వెస్ట్ బెర్లిన్,
8 మే.

అల్మూత్,

ఎవాల్డ్ సంగతి చదివి చాలా బాధపడ్డాను. ఇక్కడ ఊపిరితిత్తులకి మంచి ఆసుపత్రి ఒకటి ఉంది, కావాలంటే కనుక్కుంటాను.

ఆ సినిమా సంగతి. పందొమ్మిదేళ్లయిపోయింది. తర్వాత ముప్ఫై సినిమాలు చేశాను, ఎన్ని వేల ముఖాలు చూశానో. సినిమా పూర్తయ్యాక మిగిలిన కోత ముక్కల్ని కొన్నేళ్లు ఉంచి పారేస్తారు, అది మా పనిలో మామూలే. ఏ ముక్క ఏ నిమిషంలో తీసిందో ఇప్పుడు తేల్చడం కష్టం. పైగా మా పని బయటివాళ్లకి అర్థం కాదు. అయిదు గంటల సమావేశాన్ని ఎనిమిది నిమిషాల్లో చూపించాలి. అందులో ఏదో ఒకటి పోతుంది, ఏదో ఒకటి పక్కపక్కకి వస్తుంది.

నిన్న ఫోల్కమార్ వచ్చాడు. పూలు తెచ్చాడు, ఇన్నేళ్లలో ఇదే మొదటిసారి. "గెర్లిందె, వేదిక మీద ఆ తలూపు గురించి నువ్వే మాట్లాడాలి. అది మన కిరీటం" అన్నాడు. పోయినేడు వాడికి గుండెలో ఏదో వేశారు, మెట్లెక్కితే రొప్పుతున్నాడు. మేమంతా ముసలివాళ్లమయ్యాం. ఈ వేసవిలో ఇల్లు సర్దాలి, వంటింటి అటక మీద ఏళ్లనాటి చెత్త పేరుకుంది.

నీకు చాక్లెట్లు పంపుతున్నాను, ఎవాల్డ్‌కి కూడా పెట్టు.

గెర్లిందె

*

హెర్నె,
19 జూన్.

అక్కా,

రెండు పేజీలు రాసి రెండు పేజీల్లోనూ నీళ్లు నమిలావు. ఫోల్కమార్ గుండె గురించి నేను అడిగానా? ఊపాడా లేదా అన్నాను. అవును అన్నా, కాదు అన్నా ఒక్క ముక్కే కదా. కత్తిరించడం నీకు నేర్పాలా?

ఎవాల్డ్‌కి నీ ఉత్తరం చదివి వినిపించాను. "వదినని సతాయించకే. ఆవిడ పని ఆవిడ చేసింది. చాక్లెట్ ఇటివ్వు" అన్నాడు. ఆయనంతే. నాకే ఒళ్లు మండుతుంది.

నీకెప్పుడూ చెప్పనిది ఒకటి చెబుతాను. ఊరు నమ్మింది సరే. నేనూ నమ్మాను. పోట్లాట వచ్చిన ప్రతిసారీ, బంగాళాదుంపలు మాడినా సరే, "నువ్వు తలూపబట్టే కదా" అని తిప్పి తిప్పి అక్కడికే తెచ్చేదాన్ని. ఆయన మొదట్లో లేదు లేదు అనేవాడు. తర్వాత మానేశాడు. మానేశాడు కాబట్టి నిజమే అనుకున్నాను. ఇప్పుడాయన ఊపిరి కోసం పెనుగులాడుతుంటే, పక్కన కూర్చుని, నేను ఇరవై ఏళ్లు ఎవరిని నమ్మానా అని ఆలోచిస్తున్నాను. నిన్ను నమ్మానక్కా.

ఆసుపత్రి అక్కర్లేదు. జవాబు రాయి.

అల్మూత్

*

వెస్ట్ బెర్లిన్,
14 ఆగస్టు.

అల్మూత్,

లేదు. ఎవాల్డ్ ఆ మాటకి తల ఊపలేదు.

ఈ ముక్క రాయడానికి రెండు నెలలు పట్టింది. మిగతాది కూడా రాసేస్తాను.

నేను ముక్కలు పారేశానని రాయలేదు, పారేస్తారని రాశాను. చూశావా, ఇప్పటికీ అతుకులే వేస్తున్నాను. ఆ రీలు తాలూకు మిగులు నా దగ్గరే ఉంది. "పనికిరానివి" అని రాసిన రేకు డబ్బాలో, వంటింట్లో ఊరగాయ దోసకాయల జాడీల వెనక. నాలుగు ఇళ్లు మారాను, నాలుగిళ్లకీ మోసుకెళ్లాను, ఒక్కసారీ మూత తియ్యలేదు. మొన్న ఆదివారం తీశాను.

అధ్యక్షుడి ప్రసంగంలో మధ్యలో పది నిమిషాలు కోసేశాను. రెండు సగాలూ కలిపితే అక్కడ మనిషి ఎగిరి పక్కకి పడ్డట్టు ఉండేది. దాన్ని కప్పడానికి వింటున్న ముఖం ఒకటి కావాలి. హాల్లో తీసిన ముఖాల్లో సగం కెమెరా వైపే చూస్తున్నాయి, సగం మసక. శుభ్రంగా ఉన్నది ఒక్క ఎవాల్డ్ ముఖమే. సమావేశం మొదలుకాకముందు, జనం ఇంకా కూర్చుంటున్నప్పుడు తీసింది. అధ్యక్షుడు అప్పటికి హాల్లోకే రాలేదు.

ఆ ముక్కలో మొదట ఎవాల్డ్ ముఖం ఒక్కటే, పక్కన ఖాళీ కుర్చీ, దాని మీద అతని టోపీ ఉన్నట్టు తర్వాత కెమెరా వెనక్కి జరిగితేనే తెలుస్తుంది. తలుపు వైపు చూస్తాడు. అక్కడి నుంచి ఎవరో చోటుందా అని అడిగినట్టున్నారు. అవునని తల ఊపుతాడు, ఊపి టోపీ తీస్తాడు. బ్రూనో వచ్చి కూర్చుంటాడు. నేను టోపీ వైపు చెయ్యి కదలకముందే కోశాను. సరిగ్గా డెబ్బై అయిదు ఫ్రేములు, మూడు సెకన్లు. ఒక్క ఫ్రేము ఎక్కువైనా చెయ్యి కనబడేది.

అతుకు వేశాను అంతే అని చేతులు దులుపుకోవచ్చు. కానీ మొదటిసారి నడిపి చూసినప్పుడే అది ఏం చెబుతోందో నాకు తెలుసు. ఫోల్కమార్ ఎగిరి గంతేశాడు, "తమ సమాధికి తామే తలూపుతున్నారు!" అన్నాడు. నాకు సిగ్గు వెయ్యలేదు, గర్వమే వేసింది. ఆ మూడు సెకన్ల వల్లే నాకు మిగతా ముప్ఫై సినిమాలు వచ్చాయి. నువ్వు ఫోన్ చేసినప్పుడు ఆ గర్వమే మాట్లాడింది.

ఇప్పుడొక మాట అడుగుతాను, తిట్టుకో. అక్టోబరు ఇరవై రెండు దాకా ఎవరికీ చెప్పకు. ఆ ఒక్క సాయంత్రం గడవనివ్వు. మర్నాడే డబ్బా పట్టుకుని నేనే మీ ఊరు వచ్చి బ్రూనోకి చూపిస్తాను. ఒట్టు.

గెర్లిందె

*

హెర్నె,
2 సెప్టెంబరు.

అక్కా,

తిట్టుకున్నాను. కొట్టు మూసి, పెరట్లోకి పోయి, నాకు వచ్చినవన్నీ తిట్టాను.

తర్వాత లోపలికొచ్చి ఎవాల్డ్‌కి చదివాను. కుర్చీ దగ్గరికొచ్చేసరికి నవ్వడం మొదలెట్టాడు. నవ్వు కాస్తా దగ్గయింది, గొట్టం ఊడింది, నేను కంగారుపడ్డాను. తేరుకున్నాక, "కుర్చీ! అవునే! ఆ బ్రూనో గాడు పెళ్లికైనా ఆలస్యంగానే వస్తాడు. వాడికి టోపీ పెట్టి చోటు పట్టడం నా డ్యూటీ. మర్చేపోయాను" అన్నాడు.

"నేనూ నిన్ను నమ్మలేదు" అన్నాను.

"తెలుసు లేవే. కాఫీ పెట్టు" అన్నాడు.

కాఫీ తెచ్చేసరికి కిటికీలోంచి పావురాల గూడు వైపు చూస్తూ ఏడుస్తున్నాడు. పెళ్లయిన ముప్ఫై రెండేళ్లలో నేను చూడటం ఇదే.

అప్పుడే బ్రూనో ఇంటికి పరిగెత్తబోయాను. ఆయన చెయ్యి పట్టుకున్నాడు. "అక్టోబరు దాకా ఆగు. వదిన జన్మంతా చాకిరీ చేసింది. ఆవిడకి ఒక్క సాయంత్రం వస్తోంది, మనం చెడగొట్టడమెందుకు? ఇరవై ఏళ్లు ఆగినోణ్ణి ఏడు వారాలు ఆగలేనా? ఎక్కడికి పోతాను?"

నాకు ఇష్టం లేదు. ఆయన మాటని ఇన్నేళ్లు కాదన్నాను కాబట్టి ఈసారి విన్నాను.

అల్మూత్

*

హెర్నె,
7 అక్టోబరు.

గెర్లిందె,

ఎవాల్డ్ నిన్న పొద్దున పోయాడు. ఆగుతానన్నాడు, ఆగలేకపోయాడు. రేపు పక్కింటి బెర్తా వచ్చి పావురాలకి నీళ్లు పెడుతుంది, నాకు లేచే ఓపిక లేదు.

మంగళవారం పదకొండింటికి ఖననం. డబ్బా తీసుకుని రా.

అల్మూత్

*

వెస్ట్ బెర్లిన్,
25 అక్టోబరు.

అల్మూత్,

ఆ రోజు నీకు "మోస్తారు" అని ఒక్క ముక్క చెప్పి ఊరుకున్నాను, ఖననం కాగానే రైలు వంకతో ముఖం చాటేశాను. అక్కడ కాఫీకి కూర్చోవడానికి నాకు ముఖం లేదు. బ్రూనో దగ్గర ఏం జరిగిందో నీకు చెప్పాలి.

సోమవారం మధ్యాహ్నం రైలు దిగి నేరుగా వాళ్ల తోటకి వెళ్లాను. గూడు ముందు మేత వేస్తున్నాడు.

"ఎవరండీ?" అన్నాడు.

"ఆ సినిమాలో ఎవాల్డ్ ముఖం అతికించినదాన్ని" అన్నాను.

మేత వెయ్యడం ఆపలేదు. "పావురాలు తినాలి. ఉండండి" అన్నాడు. ఉన్నాను. అయ్యాక, చేత్తో తిప్పి చూసే చిన్న పెట్టెని మేత డబ్బా మీద పెట్టి, ముక్క ఎక్కించి, పిడి అతని చేతికిచ్చాను. కళ్లజోడు పెట్టుకున్నాడు. శబ్దం లేదు, పిడి కిర్రుమనడం తప్ప. ఒకసారి తిప్పాడు. వెనక్కి తిప్పాడు. మళ్లీ. నేను పదకొండు దాకా లెక్కపెట్టి మానేశాను.

"ఇది నేనే" అన్నాడు.

"అవును."

"షిఫ్టు దిగి గని స్నానాల గదిలో ఆలస్యమైంది నాకు. గుమ్మంలోంచి చెయ్యి ఊపి చోటుందా అని అడిగాను." పిడి వదిలి, "ఇదెక్కడుంది ఇన్నేళ్లూ?" అన్నాడు.

"మా వంటింట్లో."

కొడతాడనుకున్నాను. కొట్టినా బాగుండేది. కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "మీరు గొప్ప పనిమంతులండీ. నేనా హాల్లోనే ఉన్నాను. వాడి పక్కనే, వాడు పట్టిన కుర్చీలోనే కూర్చున్నాను. ఆ మాటకి వాడు తలూపలేదని నా కళ్లకి తెలియాలి. అయినా మీ సినిమానే నమ్మాను" అన్నాడు. లోపలికెళ్లి బీరువాలోంచి నల్లకోటు తీసి ఎండలో ఆరేశాడు.

ఇక ఆ సాయంత్రం. శనివారం పొద్దున్నే ఉత్సవం వాళ్ల గదిలో కూర్చుని, వాళ్లు వెయ్యబోయే ప్రతిలోంచి ఆ మూడు సెకన్లు కోసేశాను. అక్కడ నల్ల ఫిల్మ్ అతికించాను. ప్రసంగం వినబడుతుంది, తెర నల్లగా ఉంటుంది. ఫోల్కమార్ నా చెయ్యి పట్టుకుని "నా సినిమాని చంపేశావు గెర్లిందె!" అన్నాడు. పాపం, ఎర్రగా కందిపోయాడు. నాది కూడా చంపానన్నాను. జనం ప్రొజెక్టరు చెడిందనుకున్నారు. వెనకనుంచి ఒకమ్మాయి లేచి అడిగింది, జరిగింది చెప్పాను, ఎవాల్డ్ పేరుతో సహా. తర్వాత చప్పట్లు కొట్టారు. దానికీ చప్పట్లేనా అనిపించి వేదిక దిగిపోయాను.

సన్మానం చేసి ఒక గాజు దిమ్మె ఇచ్చారు. డబ్బా ఉన్నచోట, జాడీల వెనక పెట్టాను. బాగా అలిసిపోయాను అల్మూత్. క్షమించమని అడగను. ఆ ఏడు వారాలు అడిగినదానికి మాత్రం నన్ను నేను క్షమించుకోలేను. అతనికి బ్రూనో కావాలి, నాకు సాయంత్రం కావాలి. అతను నాకే ఇచ్చాడు.

గెర్లిందె

*

హెర్నె,
13 నవంబరు.

అక్కా,

నిన్ను క్షమించానో లేదో నాకు తెలియదు. తెలిసినప్పుడు రాస్తాను. ఈలోగా మెడకి వేడి కాపడం పెట్టుకో, ఉన్ని గుడ్డ పంపుతున్నాను.

నువ్వు రైలుకి పరిగెత్తావు కాబట్టి కాఫీ దగ్గర జరిగింది నీకు తెలియదు. పావురాల క్లబ్బు గదిలో పెట్టాం. ఆరుగురు మోశారు, నువ్వు చూశావు, ముందు వరుసలో బ్రూనో. మోసినవాళ్లంతా వచ్చారు. కేకు సరిపోలేదు, బెర్తా పరిగెత్తి ఇంకో పళ్లెం తెచ్చింది. పందొమ్మిదేళ్లు నా కొట్టు దాటిపోయినవాళ్లు నా చెయ్యి పట్టుకుని ఏదో అనబోయి, అనలేక, కేకు బాగుందన్నారు.

బ్రూనో మాత్రం ఈసారి అందరికంటే ముందే వచ్చి కూర్చున్నాడు. జనం నిండిపోయారు, గోడల పక్కన నిలబడ్డారు. కుర్చీలు చాలలేదు. నేను కాఫీ జాడీ పట్టుకుని కాళ్లీడ్చుకుంటూ వెళ్లి, కాస్త కూలబడదామని వాడి పక్కనున్న కుర్చీ మీది ఈకల టోపీ తియ్యబోయాను.

వాడు టోపీ మీద చెయ్యి వేశాడు. "ఏమనుకోకమ్మా అల్మూత్" అన్నాడు తలెత్తకుండా, "ఇక్కడ మనిషున్నాడు."

సాయంత్రం దీపాలార్పేదాకా ఆ టోపీ అక్కడే ఉంది.

అల్మూత్